తోటికోడళ్లు గీసిన ముసలమ్మ

పొద్దున్నే తోటికోడళ్లిద్దరూ ఒకే స్కూటరు మీద స్టూడియోకొచ్చి, పక్కపక్క బల్లల దగ్గర బొమ్మలు గీస్తారు. వెనకటి రోజుల్లో బొమ్మల్ని కదిలించి చూపించిన ఓ ముసలమ్మ మీద చిన్న కార్టూన్ సినిమా తీస్తున్నారక్కడ. తలా ఓ ముక్క గీసి అతికించాలి. ఎవరి ముక్క చెడితే వాళ్లు ఇంటికే.

పని మధ్యలో బొమ్మలోని ముసలమ్మ కాగితం దిగి, నడుం పట్టుకుని బల్లల మీద నాలుగడుగులు వేసేది. అందరూ కప్పులు జరుపుకుని దారిచ్చేవాళ్లు. పొద్దస్తమానం పరిగెత్తిస్తే ఆవిడ మాత్రం ఏం చేస్తుంది, పాపం!

పెద్దకోడలి గోల వేరు. తను గీసిన కాగితాల దొంతర రోజురోజుకీ పల్చబడుతోంది. ఆవిడ అసలే అనుమానప్పక్షి. పక్కనున్న చిన్నకోడలేమో ఎవరైనా వస్తే చాలు, కుడిచెయ్యి బల్ల కిందకి లాక్కుంటోంది.

"ఏం దాస్తున్నావే?"

"ఏం లేదక్కా."

"లేకపోతే చెయ్యి పైన పెట్టొచ్చుగా!"

చిన్నది మాట మార్చేసింది. గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకోవడం అంటే ఇదే, అనుకుంది పెద్దది.

ఆ శుక్రవారం అన్ని ముక్కలూ తెర మీద ఆడించారు. చిన్నకోడలి ముక్కలో ముసలమ్మ మెట్లు దిగుతోంటే పెద్దకోడలికి ఒళ్లు మండిపోయింది. ఆ మోకాలు వంపు తనది! తన గీత తనకి తెలీదూ? తిన్నగా డైరెక్టరు దగ్గరికెళ్లింది.

"నా బొమ్మలు దొంగిలించి తనవని పెట్టిందండీ. ఇంట్లో మనిషని ఇన్నాళ్లూ నోరు మూసుకున్నాను."

"భోంచేసొచ్చి అడుగుతాను. నిజమైతే ఆవిడకి ఇవాళే ఆఖరు," అన్నాడాయన.

పెద్దకోడలు తన బల్ల దగ్గరికి తిరిగొచ్చేసరికి అందరూ భోజనాలకి వెళ్లారు. చిన్నకోడలు ఒక్కతే కళ్లు మూసుకుని, కుడిచేతిని ఎడమచేత్తో అదిమిపట్టుకుని కూర్చుంది. అయినా అది వణుకుతూనే ఉంది. ముసలమ్మ ఆయాసపడుతూ పెద్దకోడలి దొంతరలోంచి ఓ కాగితం ఈడ్చుకెళ్లి చిన్నదాని దొంతరలో దూర్చింది. ఆ తోపుకి చిన్నది గీసిన కాగితం ఒకటి కింద పడింది. గీతలన్నీ వంకర్లు. అందులో ముసలమ్మ మొహమే ఆనవాలు పట్టలేం.

పెద్దకోడలు కింద చతికిలబడి ఆ కాగితం అందుకుంది.

"ఎప్పట్నించే ఇది?"

"చాన్నాళ్లయిందక్కా. ఇంట్లో చెప్పకు. ఆ కాగితాలు నావి కావని తెలిసీ నోరెత్తలేదు. ఈ జీతంతోనే మందులు కొనుక్కుంటున్నాను."

ఇంతలో డైరెక్టరు వచ్చేశాడు. "ఏమ్మా, ఆ మెట్ల బొమ్మలు ఎవరివి?"

పెద్దకోడలు దిగ్గున లేచి అడ్డం నిలబడింది. "మా ఇద్దరివీనండీ. కలిసి గీశాం."

"మరి ఇందాక దొంగతనమన్నావు?"

"అనుమానపు మనిషిని, ఏదో వాగాను. నా మాట పట్టుకుని మీరూ బయల్దేరితే ఎలాగండీ?"

ఆయన గొణుక్కుంటూ వెళ్లిపోయాడు. పెద్దకోడలు తన కుర్చీ చిన్నదాని బల్ల దగ్గరికి లాక్కుంది.

"ముసలమ్మ ఎలా కదలాలో నువ్వు చెప్పు, నేను గీస్తాను. పాపం, ఆవిడ చేత ఇంకెన్నాళ్లు కాగితాలు మోయిస్తావు?"