సొసైటీ కేసులో మూడో బిడ్డ

ఆర్మూర్ చుట్టుపక్కల రైతుల సహకార సొసైటీ ఎన్నికల తగాదా ఏదైనా నన్నడగండి. గంగమణి సాక్ష్యం చెప్పిన రోజు కేసు విచారించే ఆఫీసరు ఎదుట ముందు బెంచీలో కూర్చున్నది నేనే. చీమ దగ్గినా నా చెవి దాటిపోలేదు.

గంగమణి మా వాడకట్టు కోడలు. కల్లంలో పసుపు ఉడికే కడాయి కింద మంట ఎగదోస్తుంటే ఆమె భర్త రాజన్న వచ్చి నిలబడ్డాడు. "రేపు ఆఫీసర్ ముంగట ఒక్కటే మాట అనాలె. సౌమ్య నా బిడ్డ కాదు, మా మరిది బిడ్డ అని. గంతే. నోరు నొస్తదా?"

ఇద్దరు ఆడపిల్లలు చాలని ఆమె అంటే, కొడుకు లేని కొంపని సణిగి మూడో కాన్పుకు ఒప్పించింది అత్త లసుమవ్వ. మూడోదీ ఆడపిల్లే. ముగ్గురు పిల్లలుంటే సొసైటీకి పోటీ చేయరాదని రూలు. పదవి మీద కన్నున్న రాజన్న, పుట్టినప్పుడే సౌమ్యను తమ్ముడి బిడ్డగా రాయించాడు. "పేరుకేనే! పిల్ల నీ కొంగు వట్టుకునే తిరుగుతది గద" అన్నాడు. ఆరేళ్లకు డైరెక్టరుగా గెలిచాడు. ఓడిన భూమయ్య ఊరుకుంటాడా? రాజన్న ముగ్గురు బిడ్డల తండ్రి, పోటీయే చెల్లదని కేసు వేశాడు.

అప్పటినుంచి ఇంట్లో బడి నడిచింది. సౌమ్య "అమ్మా" అంటే ఎవరూ పలకరాదు. "పెద్దమ్మా" అంటేనే అన్నం. పంతులమ్మ ఎవరనుకున్నారు? గంగమణే. పసుపు తవ్వి, కొమ్ములు విరిచి, ఉడకబెట్టి, ఆరబోసి, భర్త వెంట తిరిగేవాళ్లకు చాయ్ కాచి, ఆ నడుమ కన్నబిడ్డ పిలుస్తుంటే చెవిటిదానిలా ఉండే పని కూడా ఆమె మీదే పడింది. మొగుడేమో మార్కెట్ యార్డులో, "మా ఆమె ఇంట్లనే ఉంటది, పనేమున్నది" అనేవాడు.

రాజన్న కల్లంలో ఆ మాట చెప్పిపోయిన పూటే సౌమ్య కడాయి పక్కన నిప్పుక తొక్కింది.

"పెద్దమ్మా!"

కాలు కాలితే నా వయసువాడు కూడా అమ్మా అనే అరుస్తాడు. ఆ పిల్ల మాత్రం పాఠం తప్పలేదు. గంగమణి ఉరికింది. ఉరికేముందు పక్క కల్లం వైపు చూసింది, భూమయ్య మనుషులెవరైనా ఉన్నారేమోనని. ఆ చూపే ఆమెను చంపింది. పాదం మీద నీళ్లు పోస్తూ పిల్ల ముఖంలోకి చూడలేకపోయింది.

"మస్తు నేర్చుకున్నది" అని మురిసింది లసుమవ్వ. గంగమణికి ఆ మెప్పు చెంపదెబ్బలా తగిలింది.

మరునాడు పిల్లను కూడా తీసుకుపోయారు. ఆఫీసరు అడిగాడు: "ఈ పాప ఎవరమ్మా?"

రాజన్న గొంతు సవరించుకున్నాడు.

"నా బిడ్డనే సారూ" అంది గంగమణి. "నేనే కన్న. మా మరిది పేరు మీద రాయించిండ్రు."

"ఆలోచించి చెప్పమ్మా. మీ ఆయన పదవి పోతుంది."

"రేపు దీని కాలు మల్ల కాలితె, ఎవర్ని పిలువాలె సారూ?"

ముందు బెంచీ అన్నాను కదా, ఆ గదిలో అసలు బెంచీయే లేదట! నేను బయట బండి దగ్గర మిర్చీలు తింటున్నాను. ఇదంతా గంగమణి మా ఆవిడ కనకవ్వకు చెబితే, కనకవ్వ నాకు చెప్పింది.

పదవి పోయింది. తిరుగు బస్సులో రాజన్న డ్రైవర్ వెనక సీట్లో కూర్చుని వెనక్కి తిరగలేదు. గంగమణి ఒళ్లో పిల్ల, తల్లి గడ్డం పట్టుకుని "అమ్మా" అంది. కండక్టరు టికెట్లు కొట్టడం మరిచి కళ్లు తుడుచుకున్నాడు.

కండక్టరును వదిలేయండి, వాడికి ఎప్పుడూ కళ్లకలకే. నేను కల్పించింది "అమ్మా" అన్న ఆ మాట. పసుపంతా అమ్ముడై, మళ్లీ కొమ్ము నాటేదాకా ఆ పిల్ల పెద్దమ్మా అనే పిలిచింది. గంగమణి దిద్దలేదు. దిద్దితే ఏమవుతుందో ఒకసారి చూసింది కదా. పెద్దమ్మా అన్నప్పుడల్లా తల వంచుకుని, చేతిలో పని కింద పెట్టి, పలికేది:

"ఆఁ బిడ్డా, అమ్మ ఈడనే ఉన్న."