పదిహేడో ఎక్కం

ఎక్కాలు బట్టీ పట్టించడం పాపమని పన్నెండేళ్ళుగా చెబుతున్నదాన్ని నేను. నా ఉద్యోగమే అది, లెక్కల టీచర్లకు శిక్షణ ఇవ్వడం. ముందు పిల్లలకు అర్థం కావాలి, మిగతాది దానంతటదే వస్తుందని బల్ల గుద్ది మరీ చెప్పేదాన్ని. ఎదురు చెప్పిన టీచరును ఊరికే వదిలిపెట్టిన పాపాన పోలేదు. అలాంటి నేను ఒక మంగళవారం పొద్దున మా వంటింట్లో చిన్నపిల్లలా ఎగిరి గంతేశాను. కారణం రెండో ఎక్కం.

అప్పటికి నాన్నకు పక్షవాతం వచ్చి తొమ్మిది వారాలు. కాలు స్వాధీనంలోకి వచ్చింది. కుడిచెయ్యి కాస్త కాస్త కదులుతోంది. మాట మాత్రం పోయింది పోయినట్టే ఉంది. ఏమడిగినా "ఆ... ఆ..." అని, తన మీద తనకే కోపమొచ్చి గోడవైపు తిరిగిపోయేవాడు. ఆసుపత్రిలో మాట నేర్పే డాక్టరమ్మ ఒక్కో రోగిని పన్నెండుసార్లు కూర్చోబెట్టుకుంటుంది. ఆఖరిసారి పరీక్ష. సొంతంగా ఒక్క మాటైనా వస్తే ఇంకో మూడు నెలలు పొడిగిస్తారు, రాకపోతే ఆ కుర్చీ వేరే రోగికి పోతుంది. మాకు మిగిలింది పది రోజులు.

ఆ పొద్దున నేను ఫోన్లో ఒక టీచరమ్మను దులిపేస్తున్నాను. "రెండు ఒకట్లు రెండు, రెండు రెళ్ళు... అని చిలకల్లా పాడిస్తే పిల్లలకేం ఒరుగుతుందమ్మా?" అని ఊపిరి తీసుకునేలోపు, నా వెనక ఎవరో "నాలుగు" అన్నారు.

తిరిగి చూస్తే కుర్చీలో నాన్న. నాకెంత ఆశ్చర్యమో ఆయన మొహంలోనూ అంతే ఉంది.

"రెండు మూళ్ళు?" అన్నాను.

"ఆరు. రెండు నాలుగులు ఎనిమిది. రెండు ఐదులు పది." ఇంక ఆగలేదు. స్పష్టంగా, అక్షరం తడబడకుండా రెండు పదుల దాకా వెళ్ళి ఆగాడు. అమ్మ చేతిలో గరిటెతో పరిగెత్తుకొచ్చింది. నేను ఆమెను పట్టుకుని గిరగిరా తిప్పేశాను. కిందపడ్డ ఫోన్లోంచి ఆ టీచరమ్మ గొంతు సన్నగా వినిపిస్తోంది. "మేడమ్, ఎవరండీ ఆ పిల్లాడు? చక్కగా చెప్తున్నాడే!"

"నవ్విన నాపచేనే పండుతుందంటారు, చూడు," అంది అమ్మ కళ్ళొత్తుకుంటూ. నాకు పౌరుషం వచ్చే తీరికే లేదు.

డాక్టరమ్మ కూడా సంతోషించింది కానీ మాలాగా గంతులెయ్యలేదు. "ఎక్కాలు, వారాల పేర్లు ఒక్కోసారి ఇలాగే వస్తాయమ్మా. ట్యాపు తిప్పితే నీళ్ళొచ్చినట్టు. అది అలవాటు. బాబాయిగారు తను అనుకుని, తనకోసం అన్న మాట కావాలి నాకు," అంది. "అయినా మానకండి. మీరో వరస, ఆయనో వరస చెప్పండి. నోరు ఆడుతూ ఉంటే మంచిది."

అమ్మకు పదో ఎక్కం దాటితే రాదు. పెద్ద ఎక్కాలు నా వంతుకొచ్చాయి. అక్కడే నా బండారం బయటపడింది. పదిహేడు ఆర్లు అనగానే నేను, ఐదులు ఎనభై ఐదు కదా, దానికి ఇంకో పదిహేడు కలిపితే, అని లోపల లెక్క కడతాను. నేను అందరికీ నేర్పే పద్ధతే. జవాబు ఎప్పుడూ తప్పు రాదు, కానీ ఆలస్యంగా వస్తుంది. ఆ రెండు క్షణాల్లో నాన్న చేతిలోని దారం తెగిపోయేది. నోరు తెరిచి, మూసి, మళ్ళీ గోడవైపు తిరిగేవాడు. లెక్క అర్థం చేసుకున్నదాన్ని నేను, అయినా ఆయనకు అందలేకపోతున్నది నేనే. సిగ్గుతో చచ్చిపోయాననుకోండి.

సరే, నలభై నాలుగేళ్ళ వయసులో బట్టీ మొదలుపెట్టాను. బస్సులో పదమూడు, స్నానాలగదిలో పద్నాలుగు. బట్టీ ఎందుకు వద్దో టీచర్లకు గంటసేపు ఉపన్యసించి వచ్చి, హ్యాండ్‌బ్యాగులోంచి పంతొమ్మిదో ఎక్కం చీటీ తీసి మెట్లమీద కూర్చుని గొణుక్కున్నాను. అటెండరు నన్ను ఒకరకంగా చూసి పక్కకు తప్పుకున్నాడు.

నాలుగోరోజుకు ఒకటి గమనించాను. ఎక్కం నోట్లో దానంతటది నడుస్తుంటే నా కళ్ళు ఖాళీగా ఉన్నాయి. నాన్న పెదవి ఏ అంకె దగ్గర బిగుస్తోందో, ఎక్కడ ఊపిరి తీసుకుంటున్నాడో కనిపిస్తోంది. నాన్న ముప్పై ఏళ్ళు టింబర్ డిపోలో కొలతల మనిషి. టేపు దుంగమీంచి తీసేలోపు ఎన్ని ఘనపుటడుగులో చెప్పేసేవాడు. అదంతా గారడీ అనుకునేదాన్ని. ఇప్పుడు తెలిసింది, లెక్కను నోటికి అప్పజెప్పి ఆయన కళ్ళతో దుంగలో పగుళ్ళు వెతుక్కునేవాడు. ఈ సంగతి నాకు పన్నెండేళ్ళ ఉపన్యాసాల్లో ఒక్కసారీ తట్టలేదు. ఆ సాయంత్రం పదిహేడో ఎక్కం నేనో వరస, ఆయనో వరస, ఎక్కడా ఆగకుండా ముగించి ఇద్దరం పగలబడి నవ్వాం.

ఆఖరి రోజు వచ్చింది. డాక్టరమ్మ బొమ్మల కార్డులు ఒక్కొక్కటే చూపించింది. గ్లాసు. తాళంచెవి. గొడుగు. "ఆ... ఆ..." తప్ప ఏమీ లేదు. నాన్న చెమటలు కక్కుతున్నాడు. అమ్మ ఆయన వీపు నిమురుతోంది. డాక్టరమ్మ మా కళ్ళలోకి చూడకుండా కాగితం ముందుకు లాక్కుని పెన్ను మూత తీసింది.

"ఒక్క ఎక్కం!" అని అరిచినంత పని చేశాను. "పదిహేడోది. ఆ తర్వాత మీ ఇష్టం."

"అది లెక్కలోకి రాదమ్మా."

"రాకపోతే మానె. వినండి."

మొదలుపెట్టాం. పదిహేడు ఒకట్లు పదిహేడు, నేను. పదిహేడు రెళ్ళు ముప్పై నాలుగు, నాన్న. యాభై ఒకటి, అరవై ఎనిమిది, ఎనభై ఐదు, నూట రెండు. గుర్రంలా పరిగెడుతోంది. నా చూపు మాత్రం ఆ పెన్ను మీదే ఉంది. "పదిహేడు ఏడులు నూట తొమ్మిది," అనేశాను.

నాన్న తన వరస అందుకోలేదు.

నా తప్పేమిటో నాకు తెలియనే లేదు. మళ్ళీ దారం తెగింది, అంతా అయిపోయింది అనుకున్నాను. నాన్న మొహం ఎర్రబడింది, మెడ నరాలు ఉబ్బాయి. ఎడమచేత్తో బల్లమీద ఫెడీమని కొట్టాడు.

"కాదు!"

డాక్టరమ్మ పెన్ను ఆగిపోయింది. నేను మొద్దులాగా "ఏం కాదు?" అన్నాను.

"తొమ్మిది... కాదు. పంతొమ్మిది. నూట పంతొమ్మిది." నాన్న రొప్పుతున్నాడు. ఒక్కో మాటా లోపలినుంచి దుంగను దొర్లించినట్టు తెస్తున్నాడు. "మళ్ళీ... మొదట్నించి."

"ఏమండీ!" అని అమ్మ ఒక్క కేక పెట్టింది. "నలభై ఆరేళ్ళ కాపురంలో మీరు ఎన్నిసార్లు కాదన్నారో! ఒక్కసారైనా ఇంత బాగుందా!" అంటూ ఏడుస్తోంది, నవ్వుతోంది. డాక్టరమ్మ కాగితంమీద గబగబా రాసుకుంటూ, "కానివ్వండి, కానివ్వండి, ఆపకండి," అంది.

మళ్ళీ మొదట్నించి అందుకున్నాను. ఈసారి నాన్న తన వరసలు చెప్పడం లేదు. ముందుకు వంగి, నా నోటినే చూస్తూ, వేలు పైకెత్తి కాచుకుని కూర్చున్నాడు. పది వరసలూ నన్నే చెప్పమన్నట్టు తలాడించాడు. ఇంకో మాట వస్తుందేమోనని నాకు ఆశ పుట్టింది. ఐదో వరస దగ్గర కావాలనే "పదిహేడు ఐదులు తొంభై," అన్నాను.

నాన్న బల్ల కొట్టలేదు. నా మొహంలోకి ఒక నిమిషం నిదానంగా చూశాడు.

"నాటకాలా?" అన్నాడు.