సుంకం బంగళా రెండు వందల అడుగులు జరిగిన రోజు

హజరత్తయ్య గొడుగు ఊచలకు కొబ్బరినూనె పూస్తూ అయిదో ఊచకు వచ్చేసరికి, ఆ నూనె తన తలకని తెచ్చుకున్నదని లోపలినుంచి భార్య నాగులమ్మ గుర్తు చేసింది. అతను విననట్టే ఆరో ఊచ కూడా పూర్తి చేశాడు. ఏడోది పదేళ్ల కిందట గాలివానకు విరిగిపోయింది కాబట్టి ఎనిమిదోదానికి తొందరగానే వచ్చాడు. ఉప్పుగాలికి ఇనుము పెళ్లాం కంటే ఎక్కువ అలుగుతుందని అతని నమ్మకం. అందుకే రోజూ పొద్దున్నే ముందు గొడుగు పని, తర్వాతే కాఫీ.

డెబ్బై నాలుగేళ్ల మనిషి. ఎండిన వాలుగ చేపలా సన్నగా, నిటారుగా ఉంటాడు. లైట్‌హౌసు ఉద్యోగంనాటి ఖాకీ చొక్కా మోచేతుల దగ్గర రెండు మాసికలతో ఇప్పటికీ ఆదుకుంటోంది. పేరు విన్నవాళ్లు మీరు తురకలా అని అడుగుతారు. కాదు, మా అమ్మకు బిడ్డలు నిలవకపోతే కసుమూరు దర్గాలో మొక్కుకుంది, నేను నిలిచాను అంటాడు. నిలిచాడన్న మాటకు ఊళ్లో ఇంకో అర్థం ఉంది. చేపలవాళ్ల ఇంట పుట్టి కూడా, పడవ కదిలితే చాలు పేగులు బయటికొచ్చేలా కక్కుకునేవాడు. అన్నదమ్ములు సముద్రం మీదికి పోతే అతను ఒడ్డునే నిలిచాడు. ఆఖరికి లైట్‌హౌసులో అద్దాలు తుడిచే పని దొరికింది. తొంభై ఆరు మెట్లు రోజుకు రెండుసార్లు ఎక్కి దిగుతూ ముప్పై ఒక్క సంవత్సరాలు తుడిచాడు.

ముత్తుకూరు దాటి, కరెంటు ఫ్యాక్టరీల పొగగొట్టాలు వెనకబడ్డాక, సరుగుడు తోపుల్లోంచి పోయే రోడ్డు చివర ఉంటుంది చెలమపట్నం. ఒకప్పుడు పెద్ద రేవు. ఓడలు, దొరలు, సుంకం బంగళా, బజారు అన్నీ ఉండేవి. ఇప్పుడు నూట నలభై గడప, వెలగని లైట్‌హౌసు మిగిలాయి. పన్నెండేళ్ల కిందట ఎవరో పెద్ద అధికారి వచ్చి ఊరి చరిత్ర చెప్పమంటే అందరూ నేల చూపులు చూశారు. హజరత్తయ్య గంటసేపు చెప్పాడు. ఆనాటినుంచి రేవు చూడాలని ఎవరొచ్చినా పంచాయతీ ఆఫీసువాళ్లు అతని దగ్గరికే పంపుతారు.

చూపించవలసినవి మొత్తం పదకొండు. అందులో ఏడు సముద్రంలో ఉన్నాయి.

ఇదే చిక్కు. వచ్చినవాళ్లను ఒడ్డున నిలబెట్టి, ఇసుకలో గొడుగు నాటి, నీళ్లవైపు చెయ్యి చాపి, ఇక్కడ మంచినీళ్ల బావి ఉండేదంటాడు. వాళ్లు నీళ్లను చూస్తారు, అతన్ని చూస్తారు, తర్వాత సెల్‌ఫోన్లు చూసుకుంటారు. దొరసాని ప్రేమకథలూ దెయ్యాల కథలూ అడుగుతారు. అతను ఇటుక పొడవు, వెడల్పు చెబుతాడు. తెలిసిందే చెప్పాలి, తెలియంది తెలియదనాలి అన్నది అతని నేమం. ఒడ్డు మీదున్న ఒలందావాళ్ల, అంటే డచ్చివాళ్ల, సమాధి కింద ఎవరున్నారని అడిగితే, నాకు తెలియదండీ అని ఎంతో గర్వంగా చెబుతాడు.

అంతా మునిగిపోయాక అతనికెలా తెలిసిందంటే, చినిగిన వలల వల్ల. పడవలు ఒడ్డుకు రాగానే ఎదురుపోయి, వల ఎక్కడ పట్టుకుంది, ఎన్ని బారల లోతు, వలతోపాటు ఏం వచ్చింది అని అందరినీ అడిగేవాడు. ఒకరి వలలో ఇటుక, ఇంకొకరి వలలో ఇనప కమ్మీ, మరొకరికి పింగాణీ పలక. అట్లా ముప్పై ఏళ్లు అడిగి అడిగి, ఊరినంతా నీళ్లకింద మళ్లీ కట్టుకున్నాడు. ఇటుకలు ఇంట్లో మంచం కింద ఉన్నాయి. పింగాణీ పలక మీద నాగులమ్మ ఉల్లిపాయలు తరుగుతుంది.

గుర్తు పట్టడం తేలిక. సముద్రంలోంచి చూస్తే ఒడ్డున నాటిన గొడుగు, దాని వెనక లైట్‌హౌసు ఒకే వరసలో కనబడాలి. ఆ వరసలో చెప్పినంత లోతుకు పోతే, కింద అదే ఉంటుంది.

అయితే రాళ్లున్నచోటే చేపలుంటాయి. ముఖ్యంగా సుంకం బంగళా. దాని గోడలు ఇంకా నిలువెత్తున ఉన్నాయి, పండుగప్పలు అందులో కాపురం పెట్టాయి. సముద్రమంతా వట్టిపోయిన నెలల్లో కూడా నూట నలభై పొయ్యిలను వెలిగించేది ఆ మునిగిన బంగళాయే. బావమరిది పోలేరయ్యకు మొదటినుంచీ ఇదే భయం. పక్కనున్న మొగలిదిబ్బ వాళ్ల పెద్ద మరపడవలకు ఆ చోటు తెలిస్తే నెలకల్లా ఊడ్చుకుపోతారని అతని బాధ.

“బావా, నువ్వు చూపించే ఊరు చూడాలంటే చచ్చి చేపై పుట్టాల. చూపిస్తే చూపించుకో. ఆ బంగళా ఒక్కటి మాత్రం చెప్పబాక,” అన్నాడు ఒకసారి పదిమందిలో.

నెల్లూరునుంచి వచ్చేవాళ్లకు చేప పులుసులో తప్ప తెలియదనీ, చెబితే వాళ్లేం చేసుకుంటారనీ హజరత్తయ్య కొట్టిపారేశాడు. పదకొండింటిలో ఒకటి దాస్తే మిగతా పదీ అబద్ధమవుతాయని అతని లెక్క.

ఆ రోజు పది గంటలకు శివశంకర్ అనే కుర్రాడు మోటారు సైకిలు మీద వచ్చాడు. కొత్త బూట్లు, భుజాన సంచి, చేతిలో నోటుపుస్తకం. నెల్లూరులో చరిత్ర చదువుకుంటున్నానని చెప్పుకున్నాడు. తనొక్కడికే చూపించమనీ, గంటలో ముగించాలనీ ముందురోజే ఫోనులో మాట్లాడుకున్నాడు. మూడు గంటల నడకను గంటకు ఎట్లా కుదించాలా అని హజరత్తయ్యకు రాత్రి సరిగ్గా నిద్ర పట్టలేదు. ఆ బెంగను కుర్రాడే తీర్చాడు.

“ఒడ్డు మీదవి వొద్దులే తాతా. నీళ్లలోవి చూపించు.”

పన్నెండేళ్లలో ఈ మాట అన్న మనిషి లేడు. హజరత్తయ్యకు కళ్లు చెమర్చాయి. గొడుగు విప్పి, పెళ్లికొడుకును తీసుకుపోయే మేనమామలా ముందు నడిచాడు.

కొయ్య వంతెన చూపించాడు. జెండా కొయ్య చూపించాడు. కుర్రాడు నీళ్లవైపు అట్లాగే చూస్తూ, ఎన్ని బారలు, కింద ఇసుకా బురదా, నీటి లాగుడు ఎటువైపు అని అడిగి రాసుకున్నాడు. చరిత్రకు బురదతో ఏం పనో హజరత్తయ్యకు తోచలేదు. అడిగేవాడు దొరకడమే గొప్ప. మంచినీళ్ల బావి దగ్గర, ఓడలవాళ్లు ఆరునెలల దాహంతో వచ్చి ఇక్కడే దోసిళ్లు పట్టేవాళ్లని చెబితే, ఆ కుర్రాడు రాయడం ఆపి సముద్రానికి దణ్ణం పెట్టాడు.

నాలుగోది సుంకం బంగళా. అక్కడికి పోయే దారిలో పోలేరయ్య గుడిసె ముందు వల ఆరేసి ఉంది. దారికి అడ్డంగా, ఇరవై గజాలు. దాని పక్కన చేపలు కడిగిన నీళ్లు మడుగు కట్టి, ఈగలు ముసురుతున్నాయి. పట్నంవాళ్లు ఇక్కడికి రాగానే ప్యాంటు పైకి లాగి వలను చటుక్కున దాటేస్తారు. గుడిసెలోంచి పోలేరయ్య పెళ్లాం ఏడు తరాలనూ తిడుతుంది. నడకలో ఇది కూడా ఒక భాగమే. హజరత్తయ్య ఎప్పటిలాగే వలచుట్టూ తిరిగిపోతూ, తిట్లకోసం చెవి ఒగ్గాడు.

తిట్లు వినబడలేదు. వెనక్కి తిరిగి చూశాడు.

కుర్రాడు వలను దాటలేదు. నోటుపుస్తకంలో ఏదో చూసుకుంటూ, ఆలోచించకుండానే పక్కకు తిరిగి, కొత్త బూట్లతో ఆ మడుగులోకి దిగి, చీలమండల దాకా మునుగుతూ చుట్టూ నడిచి వస్తున్నాడు.

వలను దాటగూడదని చదువులో చెప్పరు. అది చేపలవాళ్ల ఇళ్లలో అమ్మ వీపుమీద చరిచి నేర్పేది.

హజరత్తయ్య రెండడుగులు వెనక్కి వచ్చాడు. ఇప్పుడు కుర్రాడి వేళ్లు చూశాడు. తాడు కోసుకున్న గీతలు, చూపుడువేలినుంచి చిటికెన వేలి దాకా. మొగలిదిబ్బలో చదువుకున్న కుర్రాళ్లున్నారని విన్నాడు. పులుసులో చేపను మాత్రమే ఎరిగిన మనిషి కాదు ఇతను.

బూట్లకు అంటింది బురద కాదు, చేపలు కడిగిన నీళ్లని మాత్రం చెప్పాడు. కుర్రాడు నవ్వి, పర్లేదు తాతా, పద అన్నాడు.

నడుస్తున్నంతసేపూ హజరత్తయ్య ఆలోచించాడు. చూపించనంటే అనుమానపడి ఆ చుట్టుపక్కలే వెతుకుతారు, దొరుకుతుంది. చూపిస్తే ఊరు మునుగుతుంది, ఈసారి నిజంగా. సుంకం బంగళాకు గురుతు ఒక నల్లరాయి. పన్నెండేళ్లుగా ఆగిన చోటే కాళ్లు వాటంతట అవే ఆగాయి. ఎద్దులను అదిలించినట్టు వాటిని అదిలించి ముందుకు తోలాడు. ఒకటి, రెండు అని లోపల లెక్కపెట్టుకుంటూ ఉత్తరంగా నడిచాడు. రెండు వందల దగ్గర నిలబడ్డాడు. అక్కడ సముద్రం కింద ఏముందో అతనికి బాగా తెలుసు. ఏమీ లేదు. ముప్పై ఏళ్లలో ఏ వలా చినగని చోటు అది, ఏ చేపా పడని చోటు.

గొడుగు మొనను ఇసుకలోకి దింపాడు.

“ఇదే నాయనా సుంకం బంగళా.”

కుర్రాడు లైట్‌హౌసును చూశాడు, గొడుగును చూశాడు, నీళ్లను చూశాడు.

“ఎన్ని బారలు తాతా?”

“ఏడు.”

లోతు మాత్రం నిజమే చెప్పాడు. ఇటుక కొలతలు కూడా నిజమే చెప్పాడు. బంగళాకు ఎన్ని కిటికీలుండేవో తెలియదన్నాడు, అదీ నిజమే. ఇన్ని నిజాలు చుట్టూ పేర్చాక నడుమనున్న అబద్ధం కొంచెం చిన్నదైనట్టనిపించింది.

కుర్రాడు ఫోటోలు తీసుకున్నాడు. సాయంత్రం వెలుతురులో ఇంకో ఫోటో కావాలనీ, అంతదాకా గొడుగు ఇక్కడే ఉంచమనీ అడిగాడు. పడవలోంచి కనబడాలని అడుగుతున్నాడని హజరత్తయ్యకు అర్థమైంది. లైట్‌హౌసు మానేశాక గొడుగు లేకుండా ఎండలో నాలుగడుగులు వేసిన మనిషి కాదు. కానీ గొడుగు పీకితే అబద్ధం కూడా దానితోనే ఊడి వచ్చేస్తుందేమో.

“ఉండనీలే. ఎండ తగ్గినాక తీసుకుంటా.”

కుర్రాడు వంగి కాళ్లకు దణ్ణం పెట్టి వెళ్లిపోయాడు. హజరత్తయ్య మిట్టమధ్యాహ్నం ఎండలో, కాలే ఇసుకలో, వట్టి తలతో మైలు దూరం నడిచి ఇంటికి వచ్చాడు.

నాగులమ్మ మొదట అడిగింది గొడుగు గురించే. జరిగిందంతా చెప్పాడు. ఆమె గరిటె పట్టుకుని అట్లాగే చూసింది.

“నువ్వా? నువ్వు అబద్ధం చెప్పినావా మామా? పెళ్లిచూపుల్లో మా నాయనతో పడవెక్కితే కక్కుకుంటానని చెప్పినోడివి.”

ఆమె నవ్వు ఆగడానికి చాలాసేపు పట్టింది. మామిడికాయ వేసిన పులుసు వడ్డించి, రెండో ముక్క అడక్కుండానే వేసింది. అది పెళ్లయ్యాక ఎన్నిసార్లు జరిగిందో అతను వేళ్లమీద చెప్పగలడు. కానీ ముద్ద దిగలేదు. తల దిమ్ముగా ఉందన్నాడు.

“వాడు మంచోడే మే. బావికి దణ్ణం పెట్టినాడు. అట్టా వినేవోడు మళ్లీ రాడు.”

“వస్తాడులే, వలేసుకోని.”

“సాయంత్రం పొయ్యి గొడుగు తీసుకొచ్చేస్తా. బంగళా దాని చోట అది ఉండాల.”

చెంబెడు నీళ్లు తాగి, ఇటుకలున్న మంచం మీద పడుకున్నాడు. నాగులమ్మ అంట్లు తోముకుంది, ఎండుచేపలు తిరగేసింది, పక్కింటామెకు కథంతా ఒకసారి చెప్పి నవ్వించింది. నాలుగున్నరకు టీ పెట్టి పిలిచింది. ఇంకోసారి పిలిచింది. టీ గ్లాసు మంచం కోడు దగ్గర పెట్టి, భుజం మీద చెయ్యి వేసి, అట్లాగే కూర్చుండిపోయింది. భుజం అప్పటికే చల్లబడి ఉంది.

పొద్దు వాలేవేళకు ఊరంతా వాకిట్లో ఉంది. అప్పుడు ఉత్తరంవైపునుంచి మరపడవల చప్పుడు వినబడింది. నాలుగు. మొగలిదిబ్బవి. అవి ఒకదాని వెనక ఒకటి వచ్చి, లైట్‌హౌసుకూ గొడుగుకూ వరస సరిచూసుకుని, ఏడు బారల నీళ్లలో, వట్టి ఇసుక మీద, ఎంతో జాగ్రత్తగా వలలు దింపాయి. లాగాయి. మళ్లీ దింపాయి. మూడోసారికి ఒక పాత టైరు వచ్చింది.

నాగులమ్మ నోటివెంట అప్పటికే సంగతి విన్న పోలేరయ్య ముందు పెద్దగా నవ్వాడు. చావింటి ముందు నవ్వుతున్నానని గుర్తొచ్చి కండువా నోట్లో కుక్కుకున్నాడు. ఆ కండువాలోనే ఏడ్చాడు.

మూడోనాడు చిన్నదినం పనులకు ఒడ్డుకు పోయినవాళ్లు గొడుగు తెచ్చి ఇస్తామన్నారు. నాగులమ్మ ఒప్పుకోలేదు.

“ఆయనే తీస్తానన్నాడు. ఉండనీ.”

నల్లరాయికి రెండు వందల అడుగులు ఉత్తరంగా, ఏడు ఊచల గొడుగు గాలి వచ్చినప్పుడల్లా కొంచెం పక్కకు తిరుగుతుంది, నూనె పూసిన ఊచలు కాబట్టి చప్పుడు చేయకుండా.