ఫ్రిజ్‌లో తాళంచెవి

పాలగిన్నె పక్కన తన ఇంటి తాళంచెవి పెట్టి, ఫ్రిజ్ స్విచ్చి ఆపేశాడు హత్యల బాబాయి.

ఫ్రిజ్ గుర్రుపెడుతుంటే మాటలు సరిగా రికార్డు కావు. ఆపింది మళ్లీ వెయ్యడం మర్చిపోతే పరాయింటి పాలు విరిగిపోతాయి. తాళంచెవి కోసం తలుపు తీస్తే స్విచ్చి గుర్తొస్తుందని ముప్ఫై ఏళ్లుగా ఇదే పద్ధతి. ఆయన చెవుల గురించి చుట్టాల్లో కథలున్నాయి, పక్కవీధిలో చీమ ఆవులించినా "ఎవరయ్యా అది?" అని కేకేస్తాడట. బాబాయి అన్న వరస చుట్టాలిచ్చిందే గానీ, ముందున్న హత్యలు స్వార్జితం. నిజంగా జరిగిన నేరాల మీద డాక్యుమెంటరీలు తీస్తాడు. మనిషి మాత్రం బొద్దింకను కూడా బతిమాలి బయటికి పంపే రకం.

ఈసారి తీస్తున్నది, జనం హత్యల కథలు ఎందుకంత ఇష్టంగా చూస్తారని. పొద్దున భార్యనే అడిగాడు. ఆవిడ దుప్పటి మడతపెడుతూ, "తలుపు గడియ వేసుందని తెలిసి భయపడటం హాయి కదండీ. రాసుకోండి, మళ్లీ చెప్పను," అంది.

ఇప్పుడు ఎదురుగా ఈ ఇంటాయన, గడియారాలు బాగుచేసే ముసలాయన కూర్చున్నాడు. పంతొమ్మిదేళ్ల కిందట ఆయన కూతుర్ని ఎవరో చంపారు. ఇప్పటికి పదకొండు కెమెరాలు వచ్చి వెళ్లాయి.

"కళ్లు మొదట్లో తుడుచుకోమంటారా, చివర్లోనా?" మర్యాదగా అడిగాడు ముసలాయన.

బాబాయి లేచాడు. టిక్కుటిక్కుమంటున్న గోడగడియారం దించి బ్యాటరీ తీశాడు. "పది నిమిషాలు వెనకుంది పెద్దాయనా. పెట్టేటప్పుడు సరిచేస్తాలెండి."

"వద్దు!" ముసలాయన లేచి నిలబడ్డాడు.

మళ్లీ కూర్చుని గొంతు దించి చెప్పాడు. "పడుకోమంటానని మా పిల్ల ముల్లు వెనక్కి తిప్పేసేది. కాలేజీకొచ్చినా మానలేదు. 'ఇంకా టైము కాలేదు నాన్నా' అనేది. ఊరందరి గడియారాలూ సరిచేసేవాణ్ణి, నా ఇంట్లో తెలిసి తెలిసి మోసపోయేవాణ్ణి. స్టూలు జరిపే చప్పుడు వినపడకూడదని దగ్గేది, దొంగపిల్ల!" నవ్వాడు. నవ్వి, ఎవరూ చెప్పకుండానే కళ్లు తుడుచుకున్నాడు. "చివరిసారి తిప్పింది అలాగే ఉంచాను. బ్యాటరీ మార్చినా పది తక్కువే పెడతాను. ఇదొక్కటీ ఎవరికీ చెప్పలేదు బాబూ. మిగతాదంతా ఆ కెమెరాలవాళ్లు పట్టుకుపోయారు."

అప్పుడు కనిపించింది ఆయనకి, బల్లమీద రికార్డరు ఎర్రదీపం.

"ఇదీ పడిందా?"

"పడింది."

"వేస్తారా?"

ముప్ఫై ఏళ్లలో ఇంత నిజమైన మాట తన పెట్టెలో పడలేదని బాబాయి చెవులకు తెలుసు. రికార్డరు ముసలాయన చేతిలో పెట్టి, ఏ మీట నొక్కాలో చూపించాడు.

"మీరే చెరిపేయండి."

ఇద్దరూ కలిసి గడియారాన్ని పది నిమిషాలు వెనక్కి పెట్టి తగిలించారు. "రేపు ఇదే వేళకి వస్తాను. ఊరికే కూర్చుందాం," అన్నాడు బాబాయి. ఫ్రిజ్ స్విచ్చి ముసలాయనే వేశాడు. దాంతో బాబాయికి ఫ్రిజ్ తలుపు తీసే పని పడలేదు.

"తాళంచెవేదండీ?" ఇంటి తలుపు తీస్తూ భార్య అడిగింది.

"ఫ్రిజ్‌లో."

"మన ఫ్రిజ్‌లోనా?"

"రేపు తెచ్చుకుంటాలే," అని పడక్కుర్చీలో వాలాడు.

ఆ సాయంత్రం టీవీలో హంతకుడు దొరికాక, "వంటవాడేనని మొదటే చెప్పలా?" అంటూ ఆవిడ పక్కకు తిరిగింది. ఎంత చిన్న చప్పుడైనా వినే మనిషి, తన చప్పుడేమీ లేకుండా కుర్చీలోనే ప్రాణం విడిచాడు.

మర్నాడు అదే వేళకి, గోడగడియారం లెక్కన ఇంకా పది నిమిషాలుందనుకుని, రెండు గ్లాసులు కడిగి పెట్టి ముసలాయన ఫ్రిజ్ తెరిచాడు. పాలగిన్నె పక్కన, బయటి గాలి తగిలి అప్పుడే చెమరుస్తున్న తాళంచెవి.