గంగుబాయి చూడని బొమ్మ

గంగుబాయి పదహారేళ్లకే నాటకాల మేళంతో బొంబాయి చేరి, మూగ సినిమాలో రాణి వేషం కట్టిన మనిషి. ఆదిలాబాద్‌లో ఈ మాట చెబితే, జిన్నింగు మిల్లులో తనతోపాటు పత్తి ఏరే ఆడవాళ్లు కొంగు అడ్డం పెట్టుకుని నవ్వేవారు. నవ్వరూ మరి? రుజువేదీ? ఆమె చేసిన ఒకే ఒక్క బొమ్మ తెర మీదికి రాకముందే సినిమాలకు మాటలొచ్చాయి. సగం మరాఠీ, సగం తెలుగు కలిసిన ఆమె పలుకు అక్కడ ఎవరికీ పనికిరాలేదు. విడుదల కాని ఆ బొమ్మలోంచి ఒక రీలు చేతిలో పెట్టి పంపేశారు.

తిరిగొచ్చిన అక్కను గడప తొక్కనివ్వనని తమ్ముడు మొండికేస్తే, అతని భార్య కిష్టవ్వే చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకుపోయింది. అప్పటినుంచి రీలు డబ్బా ఆ ఇంట్లోనే మంచం కింద ఉంది. తెర మీద తన మొహం ఎలా ఉంటుందో చచ్చేలోగా చూసుకోవాలన్నదొక్కటే గంగుబాయికి మిగిలిన కోరిక.

ఇద్దరి జుట్లూ నెరిశాక, ఒక ఏడు ఊళ్లోకి డేరా టాకీసు వచ్చింది. ఆపరేటర్ చాంద్‌పాషా మంచివాడు. ఆట మొదలయ్యేలోపు రీలు వేసి చూపిస్తానన్నాడు. వదినామరదళ్లిద్దరే ముందు బల్ల మీద కూర్చున్నారు. కిష్టవ్వ కళ్లకు పొరలు కమ్మి మనుషులు నీడల్లా ఆనుతారు, అయినా కొత్త చీర కట్టుకుని మరీ వచ్చింది.

చాంద్‌పాషా డబ్బా తెరిచి, ఫిల్మును దీపానికి ఎత్తి చూసి, తిప్పి మళ్లీ చూశాడు.

"అమ్మా, దీన్ని ఎవలన్న కడిగిన్రా?"

"నేనే బిడ్డా," అంది కిష్టవ్వ సంబరంగా. "బూజువట్టి జిగట జిగటగ తాకింది. మా వదినె మొఖం మంచిగ కనవడాలె గదా అని, ఉడుకు నీళ్లు వోసి, కుంకుడు రసంతోని రుద్ది రుద్ది కడిగిన."

ఫిల్ము అద్దంలా మెరుస్తోంది. దాని మీద ఒక్క బొమ్మా మిగల్లేదు. గంగుబాయి అరుద్దామనుకుంది. తీరా మరదలి మొహంలో ఆ సంతోషం చూశాక ఆ కేక మింగేసింది. వెయ్యమని చాంద్‌పాషాకు చేత్తో సైగ చేసింది.

తెరంతా ఉత్త వెలుగు.

"తెల్లగ కనవడ్తుంది వదినె. గది నువ్వేనా?"

"నేనే."

"ఏం జేస్తున్నవ్?"

"గుర్రం దిగుతున్న. నెత్తిమీద కిరీటం ఉన్నది."

"మొఖం ఎట్లున్నదో జర చెప్పరాదు?"

ఆ ఒక్కటే గంగుబాయికి తెలియదు.

"మస్తుగున్నది," అంది.

"మరి మాట్లాడవేంది?"

"గా బొమ్మలల్ల మాటల్లేవు కిష్టవ్వా."

మూగ సినిమాల్లో ఆమె నేర్చుకున్న విద్య ఒకటుంది, చప్పుడు రాకుండా ఏడవడం. రీలు అయిపోయేదాకా గంగుబాయి ఏడుస్తూనే ఉంది. పక్కనే కూర్చున్న కిష్టవ్వకు ఏమీ వినబడలేదు.