అందరూ వేయవలసిన అడుగు

ఉడుకుతున్న నూకల్లో రాగిపిండి పడగానే మునివెంకటప్ప నడుము వంచి, సంగటి కట్టెను రెండు చేతులా పట్టుకుని తిప్పడం మొదలుపెట్టాడు. జైలు మొత్తానికీ మధ్యాహ్నపు తిండి ఆ డేగిసాలోనే. ఇద్దరు తిప్పవలసిన కట్టె అది. రెండో మనిషి దయానంద్ దగ్గి దగ్గి జైలు ఆస్పత్రిలో పడ్డాడు. పాత పొగగొట్టం కూలినప్పుడు, ఖైదీలు ఎక్కి పారిపోతారని ఆ కంతను ఇటుకలతో మూసేశారు. ఖైదీలూ పారిపోలేదు, పొగా పారిపోలేదు. అది వంటవాళ్ల గుండెల్లో కాపురం పెట్టింది.

మునివెంకటప్ప చెప్పుకోదగ్గ మనిషేమీ కాడు. పలమనేరులో పాలడైరీలో క్యాన్లు మోశాడు. గట్టు తగాదాలో ఒక్క పారదెబ్బ కొట్టి యావజ్జీవ శిక్ష తెచ్చుకున్నాడు. డైరీ కార్మిక సంఘంలోనూ వెనక వరుసే అతనిది. అక్కడ కూర్చుని ఒక్కటి మాత్రం చూశాడు: ముందు ఒకడు లేస్తే వెనక అందరూ లేచేవాళ్లు. లోకమంతా అంతేననుకున్నాడు పాపం.

జైల్లో సంఘం పేరెత్తకూడదు. నోరు తెరిచినవాడే నాయకుడు. నాయకుణ్ణి దూరపు జైలుకు పంపేస్తారు. అందుకే కూరలు తరిగే రవిచంద్ర ఒక ఉపాయం చెప్పాడు.

“తనిఖీకొచ్చే జడ్జి సారు కష్టముండాదా అని అడిగితే, అందురం ఒకేసారి అడుగు ముందుకేద్దామప్పా. అందుర్నీ యాడికని పంపుతారు?”

పంద్రాగస్టుకు సత్ప్రవర్తన కింద విడుదలవుతామని అందరికీ ఆశే. మునివెంకటప్పకు మరీను. భార్య భారతమ్మ వచ్చినప్పుడల్లా “ఇంగ కొన్నాళ్లే గదా” అని వెళ్తోంది. అయినా సరేనన్నాడు.

జడ్జి వచ్చాడు. ముక్కుకు రుమాలు అడ్డం పెట్టుకునే, వరుసగా నిలబడ్డ వంటవాళ్లను అడిగాడు.

“ఏమైనా ఇబ్బంది ఉందా?”

మునివెంకటప్ప అడుగు ముందుకు వేశాడు. వెనక చప్పుడు లేదు. తిరిగి చూశాడు. రవిచంద్ర నేలచూపులు చూస్తున్నాడు.

“పొగ సార్. ఊపిరాడదు. అందురికీ...”

“అందరికీనా?” జడ్జి మిగతావాళ్లను అడిగాడు.

పక్కనే జైలరు నిలబడి ఉన్నాడు.

“లేదు సార్,” అన్నాడు రవిచంద్ర. తక్కినవాళ్లూ తలలూపారు.

మునివెంకటప్పకు కోపం రాలేదు, సిగ్గేసింది. నడివీధిలో పంచె ఊడినట్టయింది. వేసిన అడుగు మెల్లగా వెనక్కి తీసుకున్నాడు. జడ్జి అప్పటికే గుమ్మం దాటాడు.

అందరికీ వడ్డించి తాను కూర్చోబోతుండగా వార్డరు వచ్చి, వ్యాను సిద్ధంగా ఉంది రమ్మన్నాడు. ఏ జైలుకో చెప్పలేదు. పంద్రాగస్టు మాట అడగబోయి మునివెంకటప్ప ఊరుకున్నాడు. అడగడానికి ఇంకేముంది? రవిచంద్ర గుమ్మం దాకా వెంట వచ్చాడు.

“అన్నా, బిడ్డలుండారన్నా నాకు...”

“ఉండనీలేప్పా. భారతమ్మ సోమారం వస్తాది. నేనీడ లేనని నువ్వే సెప్పు.”

వ్యాను వెళ్లిపోయింది. వంటశాలలో ఒక సత్తు పళ్లెంలో, అతను తనకోసం చేసుకున్న సంగటి ముద్ద, వేళ్ల అచ్చులతో సహా, పెచ్చుకట్టి అలాగే ఉంది.