కూర్మమ్మ బొట్టు చెరపలేదు

మలయాకు మెర్డెకా, అంటే స్వాతంత్ర్యం, వచ్చిన మరుసటి ఏడు, కౌలాలంపూర్ నుంచి పత్రికాయన ఒకడు సుంగై సుమున్ ఊరికి వచ్చి కూర్మమ్మ ఇంటి అరుగుమీద కూర్చున్నాడు. "మీరు చేసిన ఆ సీను కోసమే జనం సినిమా మళ్లీ మళ్లీ చూస్తున్నారమ్మా. అంత పచ్చి అబద్ధం కన్నార్పకుండా ఎలా చెప్పారు?" అని అడిగాడు.

కూర్మమ్మ నవ్వింది. ఆమెది తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్లనే రకం. లండన్ నుంచి సినిమా తీయడానికి వచ్చిన దొరకు ఆ సంగతి ముందుగా ఎవరూ చెప్పలేదు, పాపం.

అవి మలయాలో కమ్యూనిస్టు గెరిల్లాలతో పోరు సాగుతున్న ఎమర్జెన్సీ రోజులు. ఆమె మొగుడు కాంతయ్య స్పెషల్ కానిస్టేబులు. పొద్దున్నే తుపాకీ భుజాన వేసుకుని రబ్బరు తోట కాపలాకు పోతే, మళ్లీ గుమ్మం తొక్కేదాకా ఆమెకు ముద్ద దిగేది కాదు. దొర తీస్తున్నది ఓడరేవు రౌడీల కథ. చచ్చిపోయిన ముఠా నాయకుడి పెళ్లాం వేషం కూర్మమ్మకిచ్చాడు. పోలీసులు శవం మీది గుడ్డ తీయగానే ఆమె బొట్టు చెరుపుకుని గొల్లుమనాలి.

"ఏడమంటే ఏడుస్తాను. బొట్టు మాత్రం సెరపను," అంది కూర్మమ్మ.

దొర మాటలు తెలుగులో చెప్పే ఎస్టేటు గుమస్తా మణియం, మాట చివర మలయా వాళ్ల 'లా' తగిలించి నచ్చజెప్పబోయాడు. "ఇది సినిమా లా, అక్కా. అంతా ఉత్తుత్తిదే."

"మీ దొరకి ఉత్తుత్తిదే తమ్ముడా. మా ఆయన తోటలో ఉన్నాడు. ఆయన భుజానున్న తుపాకీ ఉత్తుత్తిదేటి?"

దొర బతిమాలాడు, కసురుకున్నాడు, కర్ఫ్యూ వేళవుతోందని తల పట్టుకున్నాడు. ఆమె ససేమిరా అంది. చివరికి దారి కూడా తనే చూపింది.

"సచ్చినోడు నా మొగుడే కాదని సెప్తాను. పోలీసోళ్లు అసలోడి కోసం ఊరంతా ఎతుక్కుంటారు. మీ కథకీ మంచిదే గదా."

మణియం ఆ మాట చెప్పగానే దొర కెమెరా తిప్పమన్నాడు. శవం వేషం వేసిన మునియాండి గుడ్డ కింద ఊపిరి బిగబట్టి పడుకున్నాడు. కూర్మమ్మ అతని మొహంలోకి తేరిపార చూసి, "ఈయన మా ఆయన కాదు," అంది. సినిమా వచ్చాక పేపర్లన్నీ దొర తెలివిని తెగ మెచ్చుకున్నాయి.

ఇప్పుడా పత్రికాయన జవాబు కోసం కలం పట్టుకుని చూస్తున్నాడు.

"అబద్ధమేటి బాబూ? నాను నిజమే సెప్పినాను," అంది కూర్మమ్మ. పక్కనే వేరుశనక్కాయలు ఒలుచుకుంటున్న కాంతయ్య చెయ్యి పట్టుకుంది. "మా ఆయన ఈయన."